ఎదుటివారి మనసు మనకు ఎలా తెలుస్తుంది?



పోయిన నెల నేను ఇదే చోట గుండె గురించి, రక్త ప్రసరణ గురించి బొమ్మ వేసి రాశాను. అది చదివి జీవశాస్త్రం సార్ "గుండె గురించి రాశావు, బాగానే ఉంది. మరి మనసు గురించి ఎవరు రాస్తారు?" అన్నారు. అందుకని ఈ నెల మనసు గురించి రాస్తున్నాను. సార్ చెప్పినవి కొన్ని, లైబ్రరీలోనూ కంప్యూటర్ గదిలోనూ చదివి నోట్సు రాసుకున్నవి కొన్ని. ఇంకొకటి మన హాస్టల్లోనే జరిగిన సంగతి. ఆ సంగతిలో నేను చేసిన తప్పు కూడా ఉంది. దాన్ని దాచకుండా రాస్తున్నాను. వ్యాసం కొంచెం పెద్దది, రెండు చార్టులు పట్టింది. ఓపికగా చదవండి.

1. రెండు మాటలు, రెండు పనులు

ఎదుటివాడు ఏడుస్తుంటే మనకు కూడా గొంతు పట్టేసినట్టు అవుతుంది. అతని బాధ మనకు కొంచెం అంటుకుంటుంది. దీన్ని సహానుభూతి అంటారు. అనగా ఎదుటివారితో పాటు అనుభవించడం. ఇంగ్లీషులో ఎంపతీ అంటారు. ఈ మాట ఇంగ్లీషులో పాతది కాదు. జర్మన్ భాషలో 'లోపలికి వెళ్ళి అనుభవించడం' అనే అర్థం వచ్చే మాట ఒకటి ఉంది. దానికి బదులుగా టిచెనర్ అనే శాస్త్రవేత్త 1909లో ఎంపతీ అనే మాటను తెచ్చారు.

రెండో పని వేరు. ఎదుటివాడికి ఏం తెలుసు, ఏం తెలీదు, ఏం కావాలి, ఏం అనుకుంటున్నాడు అని గ్రహించడం. ఇది తెలుసుకునే పని. 1978లో ప్రేమాక్, వుడ్రఫ్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు సారా అనే చింపాంజీకి వీడియోలు చూపించారు. వాటిలో ఒక మనిషి ఏదో చిక్కులో ఉంటాడు. ఉదాహరణకు అందని చోట ఉన్న అరటిపళ్ళ కోసం తంటాలు పడుతుంటాడు. తరువాత సారా ముందు ఫోటోలు పెట్టారు. ఆ మనిషి చిక్కు తీరే ఫోటోనే సారా ఎక్కువసార్లు ఎంచుకుంది. అంటే ఆ మనిషికి ఏం కావాలో దానికి తెలుసా అని వాళ్ళు ప్రశ్న వేశారు. ఇలా ఎదుటివారి మనసును ఊహించే శక్తికి వాళ్ళు పెట్టిన పేరును మన భాషలో మనో సిద్ధాంతం అనవచ్చు.

మనం మామూలుగా ఈ రెంటినీ కలిపేసి "వాడిది మంచి మనసు, అందరినీ అర్థం చేసుకుంటాడు" అంటాం. కానీ మనసు మంచిదైనంత మాత్రాన అర్థం చేసుకున్నట్టు కాదు. అర్థం చేసుకున్నంత మాత్రాన మంచివాడు కూడా కాదు. ఈ తేడా చెప్పడానికే ఈ వ్యాసం రాస్తున్నాను.

2. బొమ్మల పరీక్ష

చిన్నపిల్లలకు ఎదుటివారి మనసు ఎప్పటినుండి తెలుస్తుంది? దీనికి ఒక తమాషా పరీక్ష ఉంది. 1983లో విమ్మర్, పెర్నర్ అనేవారు మాక్సీ అనే అబ్బాయి చాక్లెట్ దాచుకున్న కథతో మొదలుపెట్టారు. 1985లో బారన్ కోహెన్, లెస్లీ, ఫ్రిత్ అనే ముగ్గురు దాన్ని రెండు బొమ్మలతో చేశారు. ఆ బొమ్మల పేర్లు సాలీ, ఆన్. సాలీ తన గోళీని బుట్టలో పెట్టి బయటకు వెళ్ళిపోతుంది. ఆన్ ఆ గోళీని తీసి పెట్టెలో పెడుతుంది. సాలీ తిరిగి వస్తుంది. ఇప్పుడు పిల్లవాణ్ణి అడుగుతారు: సాలీ గోళీ కోసం ఎక్కడ వెతుకుతుంది?

మనం బుట్టలో అంటాం. ఎందుకంటే గోళీని మార్చిన సంగతి సాలీకి తెలీదు. కానీ మూడేళ్ళ పిల్లలు చాలామంది పెట్టెలో అంటారు. గోళీ పెట్టెలో ఉందని వాళ్ళకు తెలుసు కాబట్టి సాలీకి కూడా తెలుసు అనుకుంటారు. నాలుగు, ఐదు ఏళ్ళు వచ్చేసరికి ఎక్కువమంది సరిగా చెబుతారు.

నేను దసరా సెలవుల్లో ఇంటికి వెళ్ళినప్పుడు మా చిన్నాన్న పిల్లలిద్దరి మీద దీన్ని చేసి చూశాను. గోళీ లేదు గనుక చింతపిక్క తీసుకున్నాను. ఒకవైపు గంప, ఒకవైపు చెంబు పెట్టాను. మా అమ్మ గంపలో చింతపిక్క పెట్టి నీళ్ళకు వెళ్ళింది. నేను దాన్ని చెంబులోకి మార్చాను. "అమ్మ వచ్చి ఎందులో చూస్తుంది?" అని అడిగాను. మూడేళ్ళ గుంటడు వెంటనే చెంబు చూపించాడు. ఆరేళ్ళ గుంట మాత్రం నవ్వి "గంపలో చూస్తుంది. దొరకదు. అప్పుడు నిన్ను తిడుతుంది" అంది. అమ్మ మనసే కాదు, తరువాత నాకు ఏం జరుగుతుందో కూడా చెప్పేసింది! మీరు కూడా సెలవుల్లో మీ ఇంట్లో చేసి చూడండి. ఖర్చు లేదు.

1985 పరీక్షలో ఆటిజం ఉన్న పిల్లలు 20 మంది పాల్గొన్నారు. వారిలో 16 మంది తప్పు చెప్పారు. అది చూసి చాలాకాలం పాటు "ఆటిజం ఉన్నవారికి ఎదుటివారి మనసు తెలీదు" అని చెప్పుకున్నారు. కానీ 2012లో డామియన్ మిల్టన్ అనే ఆయన ఇంకో మాట చెప్పారు. ఆయన స్వయంగా ఆటిజం ఉన్న మనిషి, పరిశోధకుడు కూడా. "మేము మిమ్మల్ని అర్థం చేసుకోలేదంటున్నారు. మరి మీరు మమ్మల్ని అర్థం చేసుకున్నారా? అర్థం కాకపోవడం రెండు వైపులా ఉంది" అన్నది ఆయన వాదన సారాంశం. ఈ మాటను గుర్తు పెట్టుకోండి. కింద మళ్ళీ వస్తుంది.

3. ఒకటి ఉండి ఇంకొకటి లేకపోతే?

జాలి ఉండి అర్థం చేసుకోవడం లేకపోతే ఏమవుతుంది? పురిటి పిల్లలను చూడండి. ఆస్పత్రిలో ఒక పసిబిడ్డ ఏడిస్తే పక్క బిడ్డ కూడా ఏడుపు అందుకుంటుంది. 1971లో సిమ్నర్ అనే శాస్త్రవేత్త దీన్ని పరిశీలించారు. పుట్టి కొద్ది రోజులే అయిన బిడ్డలు కూడా ఇంకో బిడ్డ ఏడుపు వింటే ఎక్కువగా ఏడ్చారు. అంటే అంటుకునే గుణం మనతో పాటే పుడుతుంది. కానీ ఆ పసిబిడ్డకు పక్క బిడ్డ ఎందుకు ఏడుస్తోందో తెలీదు. ఆకలా, కడుపునొప్పా, చలా తెలీదు. అందుచేత ఇద్దరూ ఏడుస్తారు తప్ప ఒకరికొకరు సాయం చేసుకోలేరు.

అర్థం చేసుకోవడం ఉండి జాలి లేకపోతే? దీనికి ఉదాహరణ సంతలో దొరుకుతుంది. మా అమ్మ కొండచీపుర్లు కట్టలు కట్టి సంతకు తెస్తుంది. కొనేవాడు పొద్దున రేటు చెప్పడు. మధ్యాహ్నం దాటేవరకు అటూ ఇటూ తిరుగుతాడు. అమ్మ కొండ ఎక్కి ఇంటికి పోవాలని, చీకటి పడకముందే బయలుదేరాలని, కట్టలు తిరిగి మోసుకుపోలేదని అతనికి బాగా తెలుసు. అప్పుడు వచ్చి సగం రేటు చెబుతాడు. చూడండి, మా అమ్మ మనసు అతనికి అరచేతిలో ఉంది. కానీ ఆమె నడుంనొప్పి అతనికి అంటదు. పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం అన్న సామెత ఇలాంటిదే. హాస్టల్లో చిన్నవాళ్ళను ఏడిపించేవాళ్ళు కూడా ఇంతే. ఏ మాట అంటే ఎవడికి ఎక్కడ తగులుతుందో వాళ్ళకు బాగా తెలుసు. తెలిసే అంటారు.

మెదడు సంగతి కూడా కొంచెం చెబుతాను. 2004లో టానియా సింగర్ అనే శాస్త్రవేత్త, ఆమె తోటివారు 16 జంటలతో ఒక ప్రయోగం చేశారు. భార్యను గానీ ప్రియురాలిని గానీ మెదడును ఫోటో తీసే యంత్రంలో పడుకోబెట్టారు. ఒకసారి ఆమె చేతికి చిన్న కరెంటు చురక పెట్టారు. ఇంకోసారి పక్కనే ఉన్న ఆమె మనిషి చేతికి పెట్టి ఆ సంగతి ఆమెకు తెలిసేలా చేశారు. రెండుసార్లూ ఆమె మెదడులో కొన్ని భాగాలు ఒకేలా పనిచేశాయి. అవి బాధలోని 'అయ్యో' అనే భాగాలు. కానీ నొప్పి చేతిలో ఎక్కడ ఉంది, ఎలా ఉంది అని చెప్పే భాగాలు తనకు చురక తగిలినప్పుడు మాత్రమే పనిచేశాయి.

దీన్నిబట్టి ఏం గ్రహించాలి? ఎదుటివారి బాధ మనకు నిజంగానే అంటుతుంది. కానీ సగమే. ఎక్కడ నొప్పి, ఎలాంటి నొప్పి అన్నది మనకు రాదు. అది వాళ్ళ దగ్గరే ఉండిపోతుంది. ఆ సగాన్ని మనం మన ఊహతో నింపుకుంటాం. తప్పు అక్కడే జరుగుతుంది.

4. మన హాస్టల్లో జరిగిన సంగతి

ఇది రాయడానికి ఆ తమ్ముణ్ణి ముందుగా అడిగాను. "పేరు రాయకు అన్నా, సంగతి రాయి" అన్నాడు. కాబట్టి పేరు రాయటం లేదు. మీలో చాలామందికి ఎవరో తెలుసు. తెలిసినా పేరు పెట్టి గోల చేయకండి.

జూలైలో ఐదో తరగతిలో ఒక కొత్త తమ్ముడు చేరాడు. కొండ మీద ఊరు. మాలాగే సవర. వచ్చిన దగ్గర్నుంచి ఎవరితో మాట్లాడడు. పొద్దున గంట కొట్టినా లేవడు. రోల్‌కాల్‌లో పేరు పిలిస్తే పలకడు. క్లాసులో సార్ ప్రశ్న అడిగితే తల దించుకుని నిలబడతాడు, లేదా ఒక్కోసారి అడగనిదానికి జవాబు చెబుతాడు. అందరూ నవ్వుతారు.

అతని గురించి ముగ్గురం మూడు రకాలుగా అనుకున్నాం. లెక్కల సార్ "వీడికి పొగరు" అనుకున్నారు. వినపడనట్టు నటించే పిల్లలను ఆయన చాలామందిని చూశారట. వార్డెన్ సార్ "ఇంటి మీద బెంగ" అనుకున్నారు. కొత్త పిల్లలకు బెంగ మామూలే కదా, నెల రోజుల్లో సర్దుకుంటాడు అన్నారు. నేను "వీడికి తెలుగు రాదు" అనుకున్నాను. ఎందుకంటే నేను ఇక్కడికి వచ్చినప్పుడు నాకు తెలుగు రాదు. 'కూర్చో' అంటే నిలబడేవాణ్ణి. ఆ రోజుల్లో పడిన సిగ్గు నాకు ఇంకా గుర్తుంది. కాబట్టి వాడిది కూడా నా బాధే అని నాకు గట్టి నమ్మకం.

నేను వాళ్ళ డార్మిటరీకి లీడర్‌ని. అందుకని వాడి మంచం పక్కన నిలబడి మన సవర మాటలోనే చెప్పాను. "గంట కొట్టగానే లే. పేరు పిలిస్తే గట్టిగా పలుకు. భయపడకు, నేనున్నాను." వాడు గోడవైపు చూస్తూ ఉండిపోయాడు. ఒక్క మాట లేదు. మర్నాడు మళ్ళీ చెప్పాను. అదే వరస. నాకు కోపం వచ్చింది. మన భాషలో, అంత ప్రేమగా చెప్పినా పలకడా? లెక్కల సార్ అన్నదే నిజం, వీడికి పొగరే అనుకున్నాను.

ఇక్కడ ఒక సంగతి గమనించండి మిత్రులారా. నా జాలి అబద్ధం కాదు. కానీ అది తప్పు లెక్క మీద నిలబడింది. లెక్క తప్పేసరికి ఆ జాలే కోపంగా మారింది. జాలి పడనివాడికి వచ్చే కోపం కంటే జాలిపడి మోసపోయాననుకున్నవాడి కోపం పెద్దది. ఆ నెలలో రోల్‌కాల్‌కు రాలేదని వాడి పేరు నోటుబుక్కులో 11 సార్లు రాశాను. రాసినప్పుడల్లా వాడికి వరండా తుడిచే పని పడింది. ఇంకోటి కూడా ఉంది. వాడి దగ్గర ఏదో వాసన వస్తోందని పక్క మంచాలవాళ్ళు జరిగిపోయారు. "స్నానం సరిగా చేయడు" అన్నాం. అదీ మన ఊహే.

ఆగస్టులో ఒక ఆదివారం సాయంత్రం స్టడీ అవర్‌లో చూస్తే వాడు లేడు. ట్రంకు పెట్టె ఉంది, చెప్పులు లేవు. వాన పడుతోంది. వార్డెన్ సార్, వాచ్‌మన్, కమాటీ టార్చిలైట్లు పట్టుకుని తలో దిక్కు వెళ్ళారు. ఆ రోజు మెస్‌లో ఎవరం సరిగా అన్నం తినలేదు. గెడ్డ పొంగి ఉంటే ఏమిటి గతి అని అందరికీ అదే భయం. రాత్రి తొమ్మిది దాటాక వాచ్‌మన్ వాణ్ణి సైకిల్ మీద తీసుకొచ్చాడు. కొండదారి మొదట్లో చెట్టు కింద కూర్చుని ఉన్నాడట. వెనకనుంచి ఎంత పిలిచినా తిరిగి చూడలేదని, భుజం మీద చెయ్యి వేస్తే ఉలిక్కిపడి ఏడ్చాడని వాచ్‌మన్ చెప్పాడు.

ఆఫీసు గదిలో పెద్దలు మాట్లాడుకున్నారు. ఇలాంటి పిల్లాడు ఇంకోసారి వెళ్ళి ఏదైనా అయితే ఎవరు జవాబు చెబుతారు, వాళ్ళ నాన్నను పిలిపించి టీసీ ఇచ్చి పంపేద్దాం అని ఒకరు అన్నారు. వార్డెన్ సార్ వెంటనే ఏమీ అనలేదు. నన్ను పిలిచి "ఈ రాత్రికి వాడి పక్కన పడుకో. పొద్దున మాట్లాడదాం" అన్నారు.

నా మంచం వాడికి కుడివైపు వేశాను. ఇంతకుముందు ఎప్పుడూ అటువైపు నిలబడలేదు, ఎందుకంటే అటు గోడ ఉండేది. ఆ రాత్రి మంచం లాగి మధ్యలో వేశాం. వాడికి తడి బట్టలు మార్చి నా దుప్పటి ఇచ్చాను. ఏం చెప్పాలో తెలియలేదు. చెప్పాల్సినవన్నీ ఇంతకుముందే చెప్పేశాను కదా. అందుకని ఈసారి చెప్పకుండా అడిగాను. "ఎందుకు వెళ్ళిపోయావు తమ్ముడూ?"

వాడు వెంటనే జవాబు చెప్పాడు. నేను ఆశ్చర్యపోయాను. మన మాటలోనే చెప్పాడు. దాని అర్థం ఇది: "మీరందరూ నాకు వినపడకుండా మెల్లగా మాట్లాడుకుంటారు. తరువాత నన్ను చూసి నవ్వుతారు. నేనేం చేశాను అన్నా?"

నేను లేచి వాడికి ఎడమవైపు వెళ్ళి అదే గొంతుతో పేరు పెట్టి పిలిచాను. పలకలేదు. కుడివైపు వచ్చి పిలిచాను. "ఊఁ" అన్నాడు. అప్పుడు లైటు వేసి చూశాను. ఎడమ చెవిలో చీము. మెడ దాకా కారి ఎండిపోయింది. వాసన అదే.

వాడికి చిన్నప్పటినుంచి ఎడమ చెవి కారుతోందట. ఊళ్ళో ఆకుపసరు, కాచిన నూనె పోసేవారట. ఆ చెవి దాదాపు వినపడదు, కుడి చెవి వినపడుతుంది. నొప్పి చెవిని పైకి పెట్టి, మంచి చెవిని మడత దుప్పటికి ఆనించి పడుకునేవాడు. ఇంక గంట ఎలా వినపడుతుంది? క్లాసులో కుడివైపు గోడ పక్కన ఆఖరి బెంచీలో కూర్చుంటాడు. సార్ గొంతు వచ్చేది ఎడమవైపు నుంచి. నేను సవరలో ఎంత ప్రేమగా చెప్పినా చెప్పింది చెవిటి చెవిలో!

చూశారా, ముగ్గురం మూడు ఊహలు చేశాం. మూడూ తప్పే. కానీ ఇంకో వైపు కూడా చూడండి. వాడు కూడా మన మనసు తప్పుగానే చదివాడు. మనం కావాలని మెల్లగా మాట్లాడుతున్నాం అనుకున్నాడు. తన చెవి పాడని వాడికి తెలుసు, కానీ అందరికీ ఎంత వినపడుతుందో వాడికి ఎలా తెలుస్తుంది? మనకు వినపడినంత వాడికీ వినపడుతుందని మనం అనుకున్నాం. సాలీ, ఆన్ పరీక్షలో మూడేళ్ళ పిల్లల్లాగే మనం కూడా పెట్టె చూపించాం. అర్థం కాకపోవడం రెండు వైపులా ఉంటుందని మిల్టన్ గారు చెప్పింది మన డార్మిటరీలో కూడా నిజమైంది.

మర్నాడు వార్డెన్ సార్ స్వయంగా వాణ్ణి పీహెచ్‌సీకి, అక్కడినుంచి పెద్దాసుపత్రికి తీసుకెళ్ళారు. కర్ణభేరికి చిల్లు పడిందని డాక్టర్ గారు చెప్పారు. చుక్కల మందు ఇచ్చారు. చెవిలోకి నీళ్ళు పోనివ్వకూడదు, నూనె, పసరు, పుల్లలు ఏవీ పెట్టకూడదు అన్నారు. ముందు చెవి ఆరాలి, తరువాత ఆపరేషన్ సంగతి చూస్తామన్నారు. ఇప్పుడు చీము తగ్గింది. వినికిడి ఇంకా రాలేదు. కానీ వాడు మొదటి బెంచీలో, మాస్టారు కుడివైపుకు వచ్చేలా కూర్చుంటున్నాడు. టీసీ మాట మళ్ళీ ఎవరూ ఎత్తలేదు. లెక్కల సార్ ఆ క్లాసులో "తప్పు నాది కూడా ఉంది" అని అందరిముందూ అన్నారు. ఆ రోజు నాకు ఆయన మీద గౌరవం పెరిగింది. నేను కూడా నోటుబుక్కు తీసి ఆ 11 చోట్లా కొట్టేశాను. కానీ తుడిచిన వరండా తుడిచినట్టే కదా. అది కొట్టేయడానికి కుదరదు.

5. ఊహించడం వేరు, అడగడం వేరు

ఎదుటివారు మనకు చేస్తే మనకు నచ్చనిది మనం వారికి చేయకూడదు అని నీతి పాఠాల్లో చదువుకున్నాం. అది గొప్ప మాటే. కానీ అందులో కొలత మన మనసే. "నేనే వాడి స్థానంలో ఉంటే?" అని అడుగుకుంటే మనం మన చెవులు, మన భాష, మన చిన్ననాటి సిగ్గు అన్నీ మోసుకుని వాడి స్థానంలోకి వెళతాం. నేను చేసింది అదే. 1997లో బాట్సన్ అనే శాస్త్రవేత్త, ఆయన తోటివారు ఈ రెండు ఆలోచనలనూ వేరుచేసి చూశారు. కష్టంలో ఉన్న మనిషి గురించి వింటూ "ఆమెకు ఎలా ఉండి ఉంటుంది" అని ఆలోచించినవారిలో ఆమె మీద అక్కర కలిగింది. "నాకే అయితే ఎలా ఉంటుంది" అని ఆలోచించినవారిలో అక్కరతో పాటు తమ సొంత కలవరం కూడా ఎక్కువైంది.

2018లో ఇంకో ముఖ్యమైన పరిశోధన వచ్చింది. ఇయాల్, స్టెఫెల్, ఎప్లీ అనే ముగ్గురు 25 ప్రయోగాలు చేశారు. "ఎదుటివారి స్థానంలో నిలబడి ఊహించండి" అని చెబితే జనం ఎదుటివారి మనసును ఇంకా సరిగా చెప్పగలుగుతారా అని చూశారు. చెప్పలేకపోయారు. ఊహించమని చెప్పినందువల్ల సరైన జవాబులు పెరగలేదు. మరి ఏం చేస్తే పెరిగాయి? ఎదుటివారితో మాట్లాడి, అడిగి తెలుసుకున్నప్పుడు పెరిగాయి. అడగనిదే అమ్మైనా పెట్టదు అని సామెత. అడగనిదే ఎదుటివాడి మనసైనా తెలీదు అని నేను దానికి కలుపుతున్నాను.

అలాగని సహానుభూతి వద్దని కాదు. ఆ రాత్రి వాడి మీద నాకు జాలి కలగకపోతే మంచం లాగి పక్కన పడుకునేవాణ్ణి కాదు, అడిగేవాణ్ణి కాదు. సహానుభూతి మనల్ని మంచం దాకా తీసుకెళుతుంది. ఆ తరువాత మాట, చూపు, చెవి పనిచేయాలి.

6. గిడుగు రామమూర్తి పంతులు గారు

ఏటా ఆగస్టు 29న మనం తెలుగు భాషా దినోత్సవం చేసుకుంటాం. అది గిడుగు వారి పుట్టినరోజు. ఆయన 1863లో శ్రీకాకుళం దగ్గర పర్వతాలపేటలో పుట్టారు. వాడుక తెలుగు కోసం పోరాడారని ప్రసంగాల్లో చెబుతాం. కానీ ఆయన సవరలకు చేసిన పని తక్కువగా చెబుతాం.

ఆయన పర్లాకిమిడిలో మాస్టారుగా పనిచేస్తున్న రోజుల్లో కొండల మీది సవరలను చూశారు. చాలామంది చూశారు, కొందరు జాలి కూడా పడి ఉంటారు. ఆయన మాత్రం వాళ్ళ మాట నేర్చుకోవాలనుకున్నారు. సవర భాష తెలిసిన మనిషిని ఇంట్లో పెట్టుకుని, పదం పదం అడిగి నేర్చుకున్నారు. కొండ ఊళ్ళకు తిరిగారు. సవర పిల్లలకు సవరలోనే చదువు చెప్పాలని బడులు పెట్టించారు, పుస్తకాలు రాశారు. 1931లో సవర భాష వ్యాకరణం, తరువాత నిఘంటువు అచ్చయ్యాయి. ఆ కొండ ప్రాంతాల్లో మలేరియా పట్టి, దానికి వాడిన క్వినైన్ వల్ల ఆయన వినికిడి పోయిందని చెబుతారు.

ఈ మాట చదివినప్పుడు నాకు ఒళ్ళు జలదరించింది. మన మాట వినడానికి కొండెక్కిన మనిషికి ఆ కొండ జ్వరంతోనే చెవులు పోయాయి. అయినా ఆయన పని ఆపలేదు. ఆ తమ్ముడికి ఈ సంగతి కుడిచెవి వైపు కూర్చుని చెప్పాను. వాడు కాసేపు ఆలోచించి "రెండు చెవులూనా?" అని అడిగాడు. అవునన్నాను. "అయితే నాకు ఒకటుంది" అన్నాడు.

7. మనం చేయవలసినవి

(అ) ఎవరైనా పలకకపోతే "పొగరు" అనే ముందు అసలు వినపడిందా, అర్థమైందా అని చూడాలి.

(ఆ) "నాకు తెలుసు, నాకూ ఇలాగే అయ్యింది" అనడానికి ముందు "నీకేమైంది?" అని అడగాలి. జవాబు వచ్చేవరకు ఆగాలి.

(ఇ) ఒక వైపు నుంచి చెబితే పని కాకపోతే కోపం తెచ్చుకోకుండా ఇంకో వైపు నుంచి చెప్పి చూడాలి. ఇది చెవికే కాదు, మనసుకు కూడా వర్తిస్తుంది.

(ఈ) లీడర్లు నోటుబుక్కులో ఒకే పేరు మూడుసార్లు రాయవలసి వస్తే నాలుగోసారి రాయకుండా ఆ పేరు గలవాడి దగ్గరకు వెళ్ళి కూర్చోవాలి. లీడర్లందరం వార్డెన్ సార్ ముందు ఒప్పుకున్నాం. అమలు చేస్తున్నాం.

(ఉ) ఎవరి బాధ ఎక్కడుందో తెలిసినప్పుడు దాన్ని ఏడిపించడానికి వాడకూడదు.

వార్డెన్ సార్ గారికి ఒక విన్నపం. కొత్త పిల్లలు చేరినప్పుడు బరువు, ఎత్తు చూస్తున్నారు. అదే రోజు చెవులు, కళ్ళు కూడా చూపిస్తే బాగుంటుంది. ఇంకా ఎవరెవరు దేన్ని దాచుకుని తల దించుకుని తిరుగుతున్నారో మనకు తెలీదు.

ఆలోచించండి, జవాబులు రాసి కింద కట్టిన డబ్బాలో వేయండి:

1. చింతపిక్క పరీక్షలో మూడేళ్ళ పిల్లవాడు చెంబు ఎందుకు చూపిస్తాడు?

2. సంతలో బేరగాడికి ఉన్నదేమిటి, లేనిదేమిటి?

3. మీరు ఎవరి గురించైనా తప్పుగా అనుకుని, తరువాత నిజం తెలుసుకున్న సంగతి ఒకటి పది వాక్యాల్లో రాయండి. పేర్లు రాయవద్దు.

బాగా రాసిన జవాబు వచ్చే నెల ఇదే చోట అతికిస్తాం. నా రాతలో తప్పులుంటే పెద్దలు దిద్దగలరు.

ఇట్లు,
10వ తరగతి విద్యార్థి, డార్మిటరీ లీడరు